పాత క్యాసెట్టు, కొత్త డాక్యుమెంటరీ: శబ్దం పాడయ్యేది ఎక్కడ?

చిత్తూరు జిల్లాలో ద్రౌపదీ ధర్మరాజుల గుడి ఉన్న ఊళ్ళలో భారతం ఉత్సవం జరిపిన ఏడాది పగలు హరికథ, రాత్రి వీధినాటకం. 18 రోజులు, కొన్నిచోట్ల అంతకు మించి. ఒకనాడు అర్జునుడు తపసు మాను ఎక్కుతాడు, చివరినాడు దుర్యోధన వధ, ఆ సాయంత్రం అగ్నిగుండం. 1980, 90లలో ఆ హరికథల్ని టేప్‌రికార్డర్‌లో పట్టి దాచుకున్న ఇళ్ళున్నాయి. మైక్‌సెట్టు పక్కన రికార్డర్ పెట్టి బటన్ నొక్కడమే అప్పటి పద్ధతి. ఆ క్యాసెట్లు ఇప్పుడు బీరువా అడుగున, అటక మీది అట్టపెట్టెల్లో ఉన్నాయి. భారతం మీదో, హరిదాసుల మీదో, తిరుపతి గంగమ్మ జాతర మీదో అరగంట డాక్యుమెంటరీ తీసేవాళ్ళకి అంతకు మించిన సరుకు దొరకదు.

అలాంటి క్యాసెట్టు టీవీ దాకా వచ్చేసరికి గొంతు నూతిలోంచి వచ్చినట్టుంటుంది. పదాలు తెలియవు, శ్రుతి జారిపోతుంది. పాతది కదా అని సరిపెట్టుకుంటారు. నిజానికి చాలా క్యాసెట్లలో వయసు చేసిన చెరుపు తక్కువ. ఎక్కువ చెరుపు జరిగేది మూడు చోట్ల: ప్లే చేసే డెక్కులో, శుభ్రం చేసే సాఫ్ట్‌వేర్‌లో, బొమ్మ కింద పరిచే ఎడిటింగ్‌లో. వీటిలో మొదటి చోట పోయింది తర్వాత ఏం చేసినా తిరిగి రాదు. అందుకే ఈ వ్యాసంలో ఎక్కువ భాగం దానికే.

క్యాసెట్టు చేతికి రాగానే చేయాల్సిన మొదటి పని దాని వీపున ఉన్న రెండు చిన్న ప్లాస్టిక్ చెవుల్ని విరిచేయడం. పొరపాటున రికార్డ్ బటన్ నొక్కినా ఇక చెరిగిపోదు. రెండో పని, వెంటనే ప్లే చేయకుండా ఆగడం. ఎండాకాలం తిరుపతిలో 40 డిగ్రీలు దాటిన ఎండలో కారులో తెచ్చిన టేపుని ఏసీ గదిలో కనీసం ఒక రోజు ఉంచాలి. టేపు అంచున తెల్లటి పొడిలాంటిది కనిపిస్తే అది బూజు. అలాంటి దాన్ని విడిగా సంచిలో కట్టి పక్కన పెట్టాలి. అదే డెక్కులో తిప్పితే ఆ బూజు తర్వాత పెట్టే ప్రతి క్యాసెట్టుకీ అంటుతుంది.

తర్వాత క్యాసెట్టు అంచున టేపు బయటికి కనిపించే మధ్య కంతలోంచి టేపు వెనకున్న ఫెల్టు ముక్కని చూడాలి. సన్నటి లోహపు పట్టీ మీద అంటించిన ఆ ముక్కే టేపుని, దాని మీది శబ్దాన్ని చదివే హెడ్డుకి ఆనించి ఉంచుతుంది. ముప్పై ఏళ్ళకి జిగురు ఎండి అది ఊడిపోతుంది. అది లేకుండా ప్లే చేస్తే గొంతు వస్తూ పోతూ ఉంటుంది, పైస్థాయి శబ్దమంతా, అంటే సన్నటి పదునంతా, మూసుకుపోతుంది. వినేవాళ్ళు టేపే పోయిందనుకుంటారు. దీనికి మందు సులువు: ఐదు స్క్రూలున్న మంచి క్యాసెట్టు డొల్ల ఒకటి తీసుకుని టేపు చుట్టల్ని అందులోకి మార్చడం. స్క్రూలు లేకుండా అతికించేసిన డొల్ల అయితే అతుకు వెంట జాగ్రత్తగా పగలగొట్టాల్సిందే. టేపుని వేళ్ళతో ముట్టుకోకూడదు, నూలు చేతితొడుగులు వేసుకోవాలి. సీ-60 టేపు మందం దాదాపు 18 మైక్రాన్లు, సీ-90 అయితే 12, సీ-120 అయితే 9. సీ-120ని వేగంగా తిప్పి వెనక్కి చుట్టడం ప్రమాదం, మామూలు ప్లే వేగంలోనే చివరిదాకా పోనివ్వడం మేలు.

డెక్కు హెడ్డుని, లోహపు కడ్డీని 99 శాతం ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌తో తుడవాలి. రబ్బరు రోలర్‌కి మాత్రం ఆల్కహాల్ పదేపదే పనికిరాదు, రబ్బరు గట్టిపడి పగుళ్ళు వస్తాయి. నీటితో తడిపిన బట్ట చాలు. టేపు ఈలని తగ్గించే డోల్బీ బటన్ ఆపి ఉంచాలి. ఇళ్ళలో వాడిన చిన్న మోనో రికార్డర్లలో డోల్బీ ఉండేది కాదు. దాన్ని వేసి ప్లే చేస్తే పైస్థాయి శబ్దాన్ని యంత్రం అనవసరంగా అణిచేస్తుంది. మామూలు ఫెర్రిక్ టేపుకి, పైస్థాయి శబ్దాన్ని సరిచేసే అమరికల్లో 120 మైక్రోసెకన్లదే పెట్టాలి.

ఇక అన్నిటికన్నా ముఖ్యమైనది, ఎక్కువమంది వదిలేసేది హెడ్డు వాలు. దీన్ని అజిమత్ అంటారు. హెడ్డులోని సన్నటి చీలిక టేపుకి నిట్టనిలువుగా ఉండాలి. కానీ ఊళ్ళో రికార్డ్ చేసిన రికార్డర్‌లో ఆ చీలిక కొంచెం వాలి ఉంటే శబ్దం కూడా ఆ వాలులోనే టేపు మీద పడుతుంది. మన డెక్కు ఎంత సరిగ్గా అమర్చి ఉంటే, ఆ వాలు టేపు అంత మొద్దుగా వినిపిస్తుంది. కాబట్టి ఇక్కడ సరిచూసుకోవాల్సింది ప్రమాణంతో కాదు, టేపుతో. హెడ్డు పక్కనున్న చిన్న స్క్రూని అయస్కాంతం లేని స్క్రూడ్రైవర్‌తో వెంట్రుకవాసి చొప్పున తిప్పుతూ వినాలి. చెవిని మాత్రమే నమ్ముకోనక్కర్లేదు. మోనో రికార్డర్‌తో చేసిన టేపుని స్టీరియో డెక్కులో పెడితే కుడి ఎడమ రెండు ఛానళ్ళలోనూ ఒకే శబ్దం వస్తుంది. ఒక ఛానల్‌ని తలకిందులు చేసి రెండోదానితో కలిపితే రెండూ ఒకదాన్నొకటి కొట్టేసుకోవాలి. మిగిలే శబ్దం ఏ చోట అతి తక్కువగా ఉందో అదే సరైన వాలు. ఇది ప్రతి క్యాసెట్టుకీ, దాని రెండో వైపుకీ విడివిడిగా చేయాలి. పని అయ్యాక స్క్రూని మొదటి చోటికి తేవాలి కాబట్టి ముందే పెన్నుతో గుర్తు పెట్టుకోవాలి. ఈ ఐదు నిమిషాల పని చేస్తే వచ్చే స్పష్టత, చేయకపోతే ఏ సాఫ్ట్‌వేర్‌తోనూ రాదు.

రికార్డ్ చేసేది 24 బిట్, 96 కిలోహెర్ట్జ్, బ్రాడ్‌కాస్ట్ వేవ్ ఫైలుగా. శబ్ద భాండాగారాల అంతర్జాతీయ సంస్థ ఐఏఎస్‌ఏ కనీసం 48 కిలోహెర్ట్జ్ అంటుంది, 96 మేలంటుంది. రెండు ఛానళ్ళకి గంటకి దాదాపు 2 జీబీ అవుతుంది. 40 సీ-60 క్యాసెట్లంటే 80 జీబీ పైచిలుకు, నేటి హార్డ్‌డిస్కులకి అదో లెక్క కాదు. ఖర్చయ్యేది సమయం. గంట క్యాసెట్టుకి, అమరిక, వినడం, వివరాలు రాయడం అన్నీ కలిపి మూడు గంటలు వేసుకోవాలి. స్థాయి శిఖరాలు మైనస్ 6 డెసిబెల్స్ దాటకుండా చూసుకుంటే చాలు. ఈ ఫైలుని ఎవరూ ముట్టుకోకూడదు. పనంతా దాని కాపీ మీదే.

శ్రుతి జారుడు

సెల్లులతో నడిచిన రికార్డర్ ఇచ్చే చిక్కు ఒకటుంది. సెల్లులు బలహీనపడ్డాక మోటారు నెమ్మదిస్తుంది. నెమ్మదిగా నడిచేటప్పుడు రికార్డయిన శబ్దం, మామూలు వేగంలో ప్లే చేస్తే పైకి లేస్తుంది. హరిదాసు రెండు శ్రుతిలో మొదలెట్టిన కథ అరగంట తిరిగేసరికి రెండున్నరకి ఎక్కి కూర్చుంటుంది. ఆ అర శ్రుతి అంటే హార్మోనియంలో పక్క మెట్టు, వేగంలో దాదాపు 6 శాతం తేడా. మోటారులో వేగాన్ని పట్టి ఉంచే ఏర్పాటు ఉంటుంది కాబట్టి ఈ జారుడు సాఫీగా సాగదు. ఇరవై నిమిషాలు ఏమీ తెలియదు, చివరి పదిలోనే గబగబా ఎక్కుతుంది. మొత్తానికి ఒకే శాతం తగ్గించడం తప్పు. ప్రతి రెండు మూడు నిమిషాలకి హార్మోనియం షడ్జమం ఎంత ఉందో కొలిచి, ఆ బిందువుల్ని కలిపే గీత ప్రకారం వేగాన్ని సరిచేయాలి. వేగమూ శ్రుతీ రెండూ కలిసి మారే పద్ధతినే వాడాలి. శ్రుతిని మాత్రమే దించి నిడివిని అలాగే ఉంచే టూల్ వాడితే మృదంగం దెబ్బలు చితికిపోతాయి, పైగా తప్పు జరిగింది వేగంలో కాబట్టి కాలప్రమాణం తప్పుగానే మిగిలిపోతుంది.

వేగం తేల్చడానికి కరెంటు హమ్ మంచి కొలమానమని విదేశీ పుస్తకాలు చెబుతాయి. మైక్‌సెట్టు నుంచి టేపులోకి దిగిన గుయ్‌మనే మోత 50 హెర్ట్జ్ దగ్గర, దాని రెట్లు 100, 150 దగ్గర ఉండాలి, లేకపోతే తేడాని బట్టి వేగం సరిచేయమంటాయి. ఇక్కడ దాన్ని గుడ్డిగా నమ్మితే మోసపోతాం. దక్షిణాది గ్రిడ్ 2003కి ముందు 50కి బాగా దిగువన నడిచిన రోజులు మామూలు. ఆ పూట గ్రిడ్ 48.5 దగ్గర ఉంటే, దాన్ని 50కి లాగినవాళ్ళు సరిగ్గా ఉన్న టేపుని 3 శాతం పరిగెత్తించినట్టు. ఒకటి శ్రుతి ఒకటింబావు అవుతుంది. ఉత్సవానికి జనరేటర్ పెట్టి ఉంటే ఇక చెప్పక్కర్లేదు, లైట్లు వేసినప్పుడల్లా ఇంజను కుంగి హమ్ కూడా కిందికి దిగుతుంది. హమ్ చెప్పేది జారుడు ఎటు పోతోందో, అంతవరకే. అసలు స్థానం ఎక్కడో హార్మోనియమే చెప్పాలి. ఆ హార్మోనియం ఇప్పటికీ ఆ ఇంట్లోనో గుడిలోనో ఉంటే, దాని షడ్జమాన్ని ఫోన్లో పట్టుకొచ్చినా కొండంత ఆధారం.

సినిమా శబ్దంలో ఇదే తప్పు వేరే దారిన వస్తుంది. సినిమా సెకనుకి 24 ఫ్రేములు, మన టీవీ ప్రసారం 25. ఫిల్ముని టీవీకి మార్చే పాత టెలిసినీ యంత్రాల్లో సినిమాని అలాగే 25కి తిప్పేసేవారు. అంటే 4 శాతం పైగా వేగం, మూడు నిమిషాల పాట 7 సెకన్లు తగ్గుతుంది, శ్రుతి అర శ్రుతిలో 70 శాతం మేర పెరుగుతుంది. చిత్తూరు నాటకరంగంలో పేరు తెచ్చుకుని ఆ ఊరినే ఇంటిపేరులా మోసిన నాగయ్య గొంతుని అలాంటి టీవీ రికార్డింగు నుంచి తీసుకుంటే, ఆ గొంతులోని బరువు కొంత పోయి సన్నబడుతుంది. వినేవాళ్ళకి తప్పు ఎక్కడుందో తెలియదు, నాగయ్య ఇలా పాడేవాడన్నమాట అనుకుంటారు. అలా అనుకోనివ్వడం అన్యాయం. ఆధారం 25 ఫ్రేములదని తేలితే 24/25 నిష్పత్తిలో వెనక్కి తేవాలి.

రీళ్ళు, ప్లేట్లు

పావు అంగుళం రీలు టేపు దొరికితే ముందు చుట్టని దీపానికి ఎదురుగా పట్టి చూడాలి. వెలుతురు లోపలికి దిగితే అసిటేట్, దిగకపోతే పాలియెస్టర్. ప్లే చేస్తుంటే కీచుమని అరిచి హెడ్డు మీద గోధుమరంగు జిగురు వదిలే 1970, 80ల పాలియెస్టర్ టేపుల్ని ప్రయోగశాల ఓవెన్‌లో 54 డిగ్రీల దగ్గర 8 గంటలు, అవసరమైతే ఇంకా ఎక్కువ, వేడిచేస్తే కొన్ని వారాల పాటు ప్లే అవుతాయి. అసిటేట్‌ని మాత్రం ఎప్పుడూ వేడిచేయకూడదు. వంటింటి ఓవెన్, మిద్దె మీద ఎండ ఈ పనికి కావు, వాటి వేడి నిలకడగా ఉండదు.

పద్యనాటకాల 78 ఆర్‌పీఎం ప్లేట్లు లక్కతో చేసినవి. ఆల్కహాల్ లక్కని కరిగిస్తుంది. క్యాసెట్టు హెడ్డుకి అమృతమైనది ఇక్కడ విషం. శుభ్రమైన నీటిలో చుక్క డిటర్జెంట్, మెత్తటి కుంచె, లేబుల్ తడవకుండా జాగ్రత్త, అంతే. ఎల్‌పీ ముల్లు దాదాపు 0.7 మిల్ (మిల్ అంటే అంగుళంలో వెయ్యో వంతు) ఉంటుంది, 78 గాడికి 3 మిల్ దగ్గరది కావాలి. చిన్న ముల్లు గాడి అడుగున చెత్తలో దొర్లుతూ గరగరనే పట్టుకొస్తుంది. స్టీరియో కార్ట్రిడ్జ్‌తో రెండు ఛానళ్ళూ పట్టి తర్వాత కలిపితే నిలువు దిశలో వచ్చే గరగర చాలావరకు రద్దవుతుంది. ప్లేటు కోసేటప్పుడు మార్చిన కింది, పై స్థాయిల్ని ప్లే చేసేటప్పుడు తిరిగి సరిచేసే ఆర్‌ఐఏఏ సమీకరణం 1954లో ప్రమాణమైంది. అంతకు ముందటి ప్లేట్లని ఆ ప్రీఆంప్ గుండా పంపితే రంగు మారుతుంది, కాబట్టి సమీకరణం లేకుండా పట్టి తర్వాత సరిచేసుకోవాలి.

శుభ్రం పేరుతో

సాఫ్ట్‌వేర్‌లో వరుస ముఖ్యం. ముందు టిక్కుటిక్కులు తీయాలి, తర్వాత హమ్, ఆ తర్వాతే ‘హిస్’ అనే సన్నటి ఈల, అన్నిటికన్నా ఆఖర్న ఈక్వలైజర్. టిక్కు అన్ని స్థాయిల్లోనూ ఒకేసారి పేలే శబ్దం కాబట్టి దాన్ని ఉంచి హిస్ తీస్తే చుట్టుపక్కలంతా మరకలా పరుచుకుంటుంది.

హరికథకి వచ్చేసరికి ఈ టూళ్ళు ఘోరంగా పొరబడతాయి. టిక్కు తీసే యంత్రానికి టిక్కంటే హఠాత్తుగా లేచి హఠాత్తుగా పడే శబ్దం. హరిదాసు చేతి చిడతలు సరిగ్గా అలాంటివే. కాలి గజ్జెలూ అంతే. యంత్రం వాటి మొన విరిచేస్తుంది, తాళం దూది మీద కొట్టినట్టవుతుంది. గంగమ్మ జాతరలో పంబ మోతకీ ఇదే గతి. అందుకే క్యాసెట్టుకి టిక్కు తీసే టూల్‌ని మొత్తానికి వేయకుండా, శబ్దాన్ని బొమ్మగా చూపే స్పెక్ట్రోగ్రామ్‌లో చూసి అసలైన టిక్కుల్ని ఒక్కొక్కటిగా చేత్తో తీయాలి. విసుగు పుట్టే పనే, కానీ దీనికి అడ్డదారి లేదు. తీసేసిన శబ్దాన్ని మాత్రమే వినిపించే బటన్ చాలా టూళ్ళలో ఉంటుంది. అందులో తాళం వినపడుతోందంటే తీస్తున్నది కథనే.

హిస్ తీయడంలో పోయేది తెలుగు. స, శ, షల మధ్య తేడా పైస్థాయిలో ఉండే ఊపిరి శబ్దంలో ఉంది. వత్తు పలకడమంటేనే హల్లుతోపాటు ఊపిరి వదలడం. యంత్రానికి ఆ ఊపిరికీ టేపు ఈలకీ తేడా తెలియదు. గట్టిగా వేస్తే భీముడు బీముడవుతాడు, శంఖం సంకమవుతుంది. పద్యం చదివే మనిషి ఉచ్చారణకి ప్రాణమిచ్చి ఉంటాడు, చివరికి ఆయన నోట వత్తులు పలకలేదని చూసేవాళ్ళు అనుకుంటారు. గొంతు లేని రెండు సెకన్ల చోట నుంచి హిస్ నమూనా తీసుకుని 6 నుంచి 8 డెసిబెల్స్ తగ్గిస్తే చాలు. పది దాటితే నీళ్ళలో బుడగల్లాంటి చప్పుడు మొదలవుతుంది. పద్యాన్ని ముందూ తర్వాతా పక్కపక్కన పెట్టి, సాహిత్యం తెలిసిన ఒకరితో వినిపించాలి.

గొంతునీ వాద్యాన్నీ విడదీసే కొత్త కృత్రిమ మేధ టూళ్ళ విషయంలో ఇంకా జాగ్రత్త కావాలి. అవి అస్పష్టంగా ఉన్నచోట ఊహించి పూరిస్తాయి. ఒక పదం అర్థం చేసుకోవడానికి విడిగా విని చూడటం వరకు మంచిదే. ప్రసారంలో పెడితే మాత్రం హరిదాసు అనని అక్షరం ఆయన నోట పెట్టినట్టవుతుంది. హారన్ స్పీకర్ నుంచి వచ్చిన శబ్దానికి బేస్ పెంచడమూ వృథా. ఆ హారన్ కింది స్థాయిని ఇవ్వనే ఇవ్వలేదు, పెంచితే పెరిగేది హమ్ ఒక్కటే. ఫిల్ము అంచున శబ్దం అచ్చయి ఉండే సినిమా ఆప్టికల్ ట్రాక్ సంగతి వేరు. 1940ల ట్రాకుల్లో 8 కిలోహెర్ట్జ్ పైన ఉండేది చాలావరకు దుమ్మూ గీతలే, అక్కడ ధైర్యంగా కోయొచ్చు.

బొమ్మ కింద

స్టూడియోలో చదివిన వ్యాఖ్యానం అద్దంలా ఉంటుంది. దాని పక్కనే పాత గొంతు ఒక్కసారిగా మొదలైతే ఈల కూడా దానితోపాటే గుప్పున లేస్తుంది, చెవి ఈలనే పట్టుకుంటుంది. పరిష్కారం ఈలని చంపడంలో లేదు. గొంతుకి రెండు మూడు సెకన్ల ముందే ఆ టేపులోని జనం సద్దునీ ఈలనీ వ్యాఖ్యానం చివరి మాటల కింద మెల్లగా తేవాలి. గొంతు వచ్చేసరికి చెవి అలవాటు పడి ఉంటుంది. ముగిసేటప్పుడూ అంతే. దీనికోసం ప్రతి టేపు నుంచి మాటల్లేని ముక్క 20 సెకన్లయినా ముందే తీసి పెట్టుకోవాలి.

మోనోని మోనోగానే మధ్యలో ఉంచాలి. స్టీరియోలా పరచడం, గుడిలో ఉన్నట్టు ప్రతిధ్వని కలపడం వద్దు. చెవికి తగిలే బిగ్గరతనాన్ని ఎల్‌యూఎఫ్‌ఎస్‌లో కొలుస్తారు. యూరప్ ప్రసార ప్రమాణం మైనస్ 23 ఎల్‌యూఎఫ్‌ఎస్, మన ఛానల్ ఏదడుగుతుందో అది ముందే కనుక్కోవాలి. హారన్ శబ్దం అప్పటికే నలిగి ఉంటుంది కాబట్టి మీటర్‌లో వ్యాఖ్యానంతో సమానంగా ఉన్నా చెవికి అరుపులా తగులుతుంది, 2 డెసిబెల్స్ తగ్గిస్తే సర్దుకుంటుంది. పద్యం అర్థం కాదనిపిస్తే తెర మీద అక్షరాలుగా వేయాలి. ఫిల్టర్ల మీద ఫిల్టర్లు వేయడం కన్నా అది ఆ గొంతుకి చేసే మర్యాద.

1988లో పట్టిన పంబ మోత మీద మొన్నటి జాతర దృశ్యాలు వేయడం చాలా సులువు, చూడటానికి బాగుంటుంది కూడా. కానీ బైరాగి వేషం నాటి మోత, మాతంగి వేషం నాటి మోత ఒకటి కాదు. తిరుపతిలో ఆ తేడా చెవులతో ఎరిగినవాళ్ళు వేలమంది. బొమ్మ వేరు, శబ్దం వేరు అయితే మూలన ఏడాది, ఊరు, శబ్దం ఏనాటిదో వేయాలి. దృశ్యం లేకపోతే క్యాసెట్టునే చూపించొచ్చు. తిరుగుతున్న టేపు, అట్ట మీద బాల్‌పెన్నుతో రాసిన ‘7వ రోజు, ద్రౌపదీ వస్త్రాపహరణం’ అన్న మాటలు ఏ పునఃసృష్టి కన్నా బలంగా ఉంటాయి.

హక్కుల లెక్క షూటింగుకి ముందే చూసుకోవాలి. మన కాపీరైట్ చట్టం ప్రకారం విడుదలైన రికార్డుకి హక్కు 60 ఏళ్ళు, విడుదలైన మరుసటి ఏడాది జనవరి నుంచి. 1960లో వచ్చిన ప్లేటుకి 2020తో తీరిపోయింది. తీరింది ఆ రికార్డింగుకే, లోపలి పాటకి వేరే లెక్క. అన్నమయ్య మాటలు అందరివీ. తాళ్ళపాక రాగిరేకుల మీద ఉన్నవి మాటలూ రాగం పేరూ మాత్రమే, ఇప్పుడు మనం వినే వరుసల్లో చాలావాటిని 20వ శతాబ్దంలో కూర్చారు. వాటిలో పేరెన్నికగన్నవి కూర్చిన రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మ 1979లో పోయారు. సంగీత రచనకి హక్కు రచయిత మరణం తర్వాత 60 ఏళ్ళు కాబట్టి ఆయన వరుసలకి 2039 చివరిదాకా అనుమతి సంగతి చూసుకోవాలి.

ఇంటి క్యాసెట్టుకి ఇంకో మెలిక ఉంది. అది ఎప్పుడూ విడుదల కాలేదు కాబట్టి 60 ఏళ్ళ లెక్క అసలు మొదలే కాలేదు. పైగా ప్రదర్శించిన కళాకారుడి హక్కు ప్రదర్శన జరిగిన మరుసటి ఏడాది నుంచి 50 ఏళ్ళు ఉంటుంది. అంటే క్యాసెట్టు ఇచ్చిన ఇంటివాళ్ళ సంతకం ఒకటే చాలదు. హరిదాసు కుటుంబం నుంచి, దొరికితే హార్మోనియం, మృదంగం వాయించినవాళ్ళ కుటుంబాల నుంచి కూడా తెలుగులో రాసిన అంగీకారపత్రం తీసుకోవాలి. ఎన్ని నిమిషాలు, ఏ కార్యక్రమంలో, టీవీకి మాత్రమేనా యూట్యూబ్‌కి కూడానా అన్నది అందులో ఉండాలి. ఆ సంతకానికి వెళ్ళేటప్పుడే శుభ్రం చేయని పూర్తి ఫైలు కాపీని పెన్‌డ్రైవ్‌లో, అసలు క్యాసెట్టుని చేతిలో పట్టుకెళ్ళాలి. చాలా ఇళ్ళలో ఆ గొంతు ముప్పై ఏళ్ళుగా ఎవరూ విని ఉండరు. వినిపిస్తే ఆ వాయించిందెవరో, అది ఏ ఏడు భారతమో అక్కడే తేలుతుంది. అట్ట మీద లేని ఆ వివరాలని ఫైలుకి అప్పుడే జతచేసుకోవాలి.